నాకాగూడెం సుక్కమ్మ

కోదాడ దాటి బెజవాడ రోడ్డు మీద పోతుంటే, రాష్ట్రం మారే బోర్డు ఇంకా కనబడకముందే ఒక మట్టిబాట పక్కకు దిగుతుంది. మిరపచేలు, వరిమళ్లు, సాగరు ఎడమకాలువ చిట్టచివరి పిల్లకాలువ దాటుకుంటూ పోయి ఆ బాట ఊటవాగు ఒడ్డున ఒక గూడెంలోకి చేరుతుంది. పట్టుమని ముప్పై ఇళ్లుండవు. పేరు నాకాగూడెం. వాగు దాటితే ఆంధ్ర. ఇక్కడ కోడి కూస్తే పక్క రాష్ట్రం నిద్ర లేస్తుందని గూడెంవాళ్లు నవ్వుతాలకు అంటుంటారు.

సుక్కమ్మ ఆ గూడెంలోనే పుట్టింది. ఆ గూడెంలోనే నాలుగిళ్ల అవతల ఉన్న పెంటయ్యను చేసుకుంది. బక్కపలచని మనిషి. నాట్లేసేటప్పుడు ఆమె పాట ఎత్తుకుంటే పక్క మడిలో కూలీలు కూడా అందుకోవలసిందే, అంత గొంతు. గూడేనికి కరెంటు తెస్తామని చెప్పి, స్తంభాలు పిల్లకాలువ దాకా పాతి, మిగిలినవి లారీకెత్తుకుని పోబోతుంటే, పసిబిడ్డను చంకనేసుకుని ఆ లారీ ముందు బాట మీద కూర్చున్నది ఆమే. ఎండ నెత్తికెక్కినా లేవలేదు. పెంటయ్య వచ్చి బతిమాలితే, "నువ్వు ఇంటికాడ అన్నం వండు, నేనొస్త" అని పంపించింది. ఆ స్తంభాలు అక్కడే దిగాయి. పెంటయ్య నెమ్మదస్తుడు. పెళ్లానికి అడ్డం చెప్పడం కంటే అన్నం వండటమే తేలికని అతనికి ఆ రోజే తెలిసిపోయింది.

గూడేనికి నాకాగూడెమని పేరు ఎట్లా వచ్చిందో అక్కడి పెద్దవాళ్లెవరైనా చెబుతారు. వెనకటి రోజుల్లో వాగుకు ఇవతల నిజాం రాజ్యం, అవతల ఇంగ్లీషువాళ్ల రాజ్యం. బండ్ల బాట మీద సుంకం వసూలు చేసే నాకా ఒకటుండేది. బాటకు అడ్డంగా పెద్ద దూలం. బండి వస్తే దాన్ని ఎత్తాలి, పోయాక దించాలి. ఆ పని చేయడానికి, నాకా జమేదారు గుర్రానికి గడ్డి కోయడానికి, నీళ్లు మోయడానికి తెచ్చిపెట్టిన మాదిగ కుటుంబాలే ఈ గూడెం. దూలం ఎత్తి దించినవాడు సుక్కమ్మ తాత. రెండు రాజ్యాల మధ్య తలుపు మా తాత చేతిలో ఉండేదని ఆమె చిన్నప్పుడు గొప్పలు పోయేది. తలుపే గానీ బిడ్డా, ఇల్లు మనది కాదు కదా అని తల్లి నవ్వేది.

రజాకార్ల కాలంలో గూడెం గూడెమంతా వాగు దాటింది. ఇళ్లు కాల్చడానికి వస్తున్నారని కబురు తెలియగానే చేతికి దొరికింది పట్టుకుని అవతలి గట్టుకు పోయి, మెరక మీద కంపలు కొట్టి గుడిసెలు వేసుకున్నారు. ఏడాదికి పైగా అక్కడే. వాంతులు, భేదులు తగిలి చాలామంది పోయారు. సుక్కమ్మ నాయనమ్మ పోయింది, పెంటయ్య తాత పోయాడు. పోయినవాళ్లను ఆ మెరక మీదనే బొంద పెట్టారు. పోలీసు యాక్షన్ అయ్యాక బతికినవాళ్లు ఇవతలికి వచ్చి మళ్లీ ఇళ్లు కట్టుకున్నారు. సమాధులు మాత్రం అక్కడే ఉండిపోయాయి. ఇవతల నల్లరేగడి, గుంత తీస్తే నీరూరుతుంది. అవతల గట్టి మొరం. అందుకని తరవాత పోయినవాళ్లను కూడా వాగు దాటించి అక్కడికే మోసుకెళ్లారు. కొన్నేళ్లకు రెండు వైపులా కలిసి ఒకటే రాష్ట్రమయింది. హద్దు సంగతి అందరూ మరిచిపోయారు. దూలం పొయ్యిలోకి పోయింది. నాకా గోడల రాళ్లు తలా కొన్ని తెచ్చుకుని ఇంటి ముందు అరుగులు కట్టుకున్నారు.

సుక్కమ్మ బతుకంతా ఆ వాగు దాటడంలోనే గడిచింది. ఇవతల నాట్లు, కలుపు, కోతలు. అవతల మిరపకాయ ఏరడం. తన ఒక్కగానొక్క బిడ్డ కవితను అవతల కోసెడు దూరంలో ఉన్న చినపాలేనికే ఇచ్చింది. గూడెం పిల్లలకు బడి కూడా చినపాలెమే దగ్గర. ఆటో ఒకటి పొద్దున వచ్చి ఎక్కించుకుపోయేది. రెండు వేల పద్నాలుగులో మళ్లీ గీత పడ్డప్పుడు, "ఇగ మనం గిక్కడోళ్లం, కవిత గక్కడిది" అని పెంటయ్య అంటే, సుక్కమ్మ కొట్టిపారేసింది. "గీత కాయితం మీద గీసిండ్రు. వాగు మీద గీస్తే ఆగుతదా?"

ఆగింది. ఆరేళ్ల తరవాత కరోనా వచ్చినప్పుడు ఆగింది.

మొదట హైవే మీద బారికేడ్లు పెట్టారు. తరవాత చిన్నచిన్న బాటల మీద పడ్డారు. ఒక మధ్యాహ్నం జేసీబీ వచ్చింది. వాగు దాటి బాట అవతలి గట్టు ఎక్కే చోట, నడుం లోతున, బండి వెడల్పున కందకం తీసింది. తీసిన మట్టిని పక్కన కుప్పపోసి, కందకానికి రెండు పక్కలా గట్టు పొడవునా తుమ్మకంప పరిచి వెళ్లిపోయింది. అవతల ఒక టెంటు వేసి ఇద్దరు కానిస్టేబుళ్లను కూర్చోబెట్టారు. ఆ జేసీబీ ఎవరు పంపితే వచ్చిందో గూడెంలో ఎవరికీ తెలియలేదు. కవిత సాయంత్రాలు అవతలి గట్టు మీదికి వచ్చేది, సుక్కమ్మ ఇవతల నిలబడేది. వాగుకు అడ్డంగా కేకలేసుకుని కూరేం వండావంటే కూరేం వండావని ఒకరినొకరు అడిగి ఇళ్లకు పోయేవాళ్లు.

ఆ నెలలోనే పెంటయ్య పోయాడు.

కరోనా కాదు. పొద్దున్నే పశువులకు గడ్డి వేస్తూ ఛాతీ పట్టుకుని కూలబడ్డాడు. పక్క తండా దస్రు ట్రాక్టరు తెచ్చాడు. పెంటయ్యా, దస్రూ ఇరవై ఏళ్లు కలిసి కౌలు చేసినవాళ్లు. ట్రాలీలో మంచం వేసి, పెంటయ్య తల ఒళ్లో పెట్టుకుని సుక్కమ్మ కూర్చుంది. ట్రాక్టరు పిల్లకాలువ దాటకముందే అతని చెయ్యి ఆమె చేతిలో బరువెక్కింది. "దస్రూ, బండి తిప్పు" అన్నది. దస్రు వెనక్కి తిరిగి చూసి, ఇంజను ఆపి, స్టీరింగు మీద తల వాల్చి ఏడ్చాడు. ఆమె ఏడవలేదు. ఏడుపు ఇంటికి పోయాక వచ్చింది, అది కూడా కాసేపే. కవిత ఫోను చేసి, "అమ్మా, నాయిన మొఖం నేను సూడొద్దా?" అన్నాక కళ్లు తుడుచుకుంది.

గూడెం పెద్ద మట్టయ్య, పెంటయ్యకు పెద్దనాయన కొడుకు. సుక్కమ్మకు బావ అవుతాడు. అరుగు మీద కూర్చుని అతను మెల్లగా మొదలుపెట్టాడు.

"సుక్కా, టైం బాగలేదు. కాలువ గట్టు పొంటి సర్కారు జాగ ఉన్నది. అక్కడ తీద్దాం గుంత."

"అక్కడ నీళ్లూరుతయి బావా."

"పోనీ, కంప తప్పించుకుని కిందికెల్లి తోవ ఉన్నది. పోలీసోళ్లు అన్నం తినే యాళ్లకు దాటిద్దాం. ఎవలకు తెలుస్తది?"

సుక్కమ్మ పెంటయ్య మొఖం మీద కప్పిన తువాలు సర్ది అన్నది: "ఆయన దొంగతనం చేసి పోయిండా, దొంగతోవల తీస్కపోనీకి? వాళ్లమ్మ పక్కన పెడత. బాట మీదికెల్లే పోత."

"ఆపితే?"

"ఆపితే ఆడనే కూసుంట."

చెప్పినంతా చేసింది. పొద్దు నడినెత్తికి రాకముందే పాడె లేచింది. కోదాడ నుంచి పాస్టరు రాలేకపోయాడు. ఎవరికీ బయటికి వచ్చే వీలు లేదు. ఫోను స్పీకరులో ప్రార్థన చేశాడు. ఇంటి ముందు దూరం దూరంగా నిలబడి అందరూ ఆమెన్ అన్నారు. వాగులో నీళ్లు లేవు, ఇసుక కాళ్ల కింద కాలుతోంది. కందకం దగ్గరికి పోయేసరికి టెంటులోంచి ఇద్దరు కానిస్టేబుళ్లూ లేచి వచ్చారు. ఒకతను నడివయసువాడు. రెండో అతను కుర్రవాడు, మూతి మీద మాస్కు సరిగ్గా నిలవక మాటిమాటికీ పైకి లాక్కుంటున్నాడు.

"ఆగండాగండి. ఎక్కడికండీ?" అన్నాడు పెద్ద కానిస్టేబులు.

"బొందలగడ్డకు" అన్నది సుక్కమ్మ.

"అటువైపు నుంచి మనిషన్నవాణ్ని రానివ్వొద్దని ఆర్డరమ్మా. మీ వైపే ఎక్కడన్నా చేసుకోండి."

"మా వైపు మా వాళ్లెవలు లేరయ్యా. అందరు మీ ఎనకనే ఉన్నరు. మర్లి సూడు."

అతను నిజంగానే వెనక్కి తిరిగి చూశాడు. మెరక మీద సున్నం కొట్టిన సిలువలు, పేర్లు చెరిగిపోయిన రాళ్లు. వాటి నడుమ అప్పటికే కవిత, ఆమె మొగుడు, వాళ్ల పాలివాళ్లు ఇద్దరు గుంత తీస్తున్నారు. పాడెను చూసి కవిత పార వదిలేసి పరుగెత్తుకొచ్చింది. కందకం అవతలి అంచున ఆగి, "నాయినా" అని ఒక్క కేక పెట్టింది. కుర్ర కానిస్టేబులు తల తిప్పుకున్నాడు.

"శవాన్ని దింపండమ్మా, మేం మాట్లాడి చెప్తాం" అన్నాడు పెద్దతను.

పాడె ఇసుకలో దింపారు. సుక్కమ్మ పక్కనే కూర్చుని కొంగుతో పెంటయ్య మొఖానికి నీడ పట్టింది. కానిస్టేబులు ఎవరికో ఫోను చేశాడు. వాళ్లు ఇంకెవరికో చెయ్యమన్నారు. ఎండ ముదిరింది. మట్టయ్య ఒకసారి వచ్చి, "పోదాం సుక్కా, పీనుగు ఎండకు ఆగదు" అన్నాడు. ఆమె కొంగు ఇంకో చేతికి మార్చుకుంది. మళ్లీ వచ్చి అన్నాడు. "నువ్వు నీడకు పో బావా. నీకు బీపీ ఉన్నది. నేను లేవ" అన్నది. గొంతు హెచ్చలేదు. కానీ లారీ ముందు కూర్చున్ననాటి మనిషిని ఎరిగిన మట్టయ్య నీడకు పోయి కూర్చున్నాడు.

చివరికి పెద్ద కానిస్టేబులు గట్టు దిగి దగ్గరికి వచ్చాడు. "మా ఎస్సై గారు ఒప్పుకున్నారమ్మా. కానీ నలుగురే రావాలి. మాస్కులు కట్టుకోండి. మట్టి వేసి వెంటనే వెళ్లిపోవాలి. నలుగురికి మించితే నా ఉద్యోగం పోతుంది."

మట్టయ్య ఊపిరి పీల్చుకున్నాడు. కొడుకు లింగస్వామిని, దస్రును పిలిచాడు. తనతో ముగ్గురు. నాలుగో భుజానికి తన తమ్ముణ్ని రమ్మన్నాడు. అప్పుడు సుక్కమ్మకు సంగతి తట్టింది. నలుగురే అంటే మోసే నలుగురే. తను ఇవతల ఇసుకలో నిలబడి, మొగుణ్ని మట్టిలో పెట్టేది దూరం నుంచి చూడాలి.

ఆమె లేచి కొంగు నడుముకు బిగించింది. ఒక తువాలు మడిచి భుజాన వేసుకుంది.

"నాలుగోదాన్ని నేను."

"నీకేమన్న పిచ్చా?" మట్టయ్య కేకేశాడు. "ఆడది పాడె మోస్తదా? మన ఇంటా వంటా ఉన్నదా?"

"నాట్లప్పుడు నారు మోపులు మోసిన. మిరపకాయ బస్తాలు మోసిన. ఇన్ని మోసినంక నా మొగణ్ని మోసుడే తప్పయితదా బావా?"

"నలుగురు ఏమంటరు?"

"నలుగురే పోవాలంటున్నరు గద. ఆ నలుగుర్ల నేనున్న. ఇగ అనెటోళ్లెవలు?"

దస్రు వచ్చి వెనక వైపు ఒక కొయ్య పట్టుకున్నాడు. "ఎత్తు వదినా" అన్నాడు. సుక్కమ్మ అతని పక్క కొయ్య అందుకుంది. లింగస్వామి తండ్రి వైపు చూసి, అతను తల వంచుకోవడం చూసి, ముందు కొయ్య పట్టుకున్నాడు. మట్టయ్య తువాలుతో మొఖం తుడుచుకుని ముందు మిగిలిన కొయ్య దగ్గరికి వచ్చాడు.

కందకంలోకి దిగేటప్పుడు కష్టమైంది. మెత్తటి మట్టి జారుతోంది. ముందున్న ఇద్దరూ దిగారు, వెనక దస్రు దిగాడు, సుక్కమ్మ పాదం పట్టు దొరకక మోకాలు మీద పడింది. పాడె ఒక పక్కకు ఒరిగింది. కవిత అవతల నుంచి అరిచింది. కుర్ర కానిస్టేబులు లాఠీ అవతల పారేసి, గట్టు మీద బోర్లా పడుకుని రెండు చేతులా కొయ్య పట్టుకున్నాడు. "నేను పట్టుకున్నా మామ్మా, మీరు లేవండి, తొందరలేదు" అన్నాడు. ఆమె లేచింది. మోకాలు చీరుకుపోయి చీరకు నెత్తురంటింది. అది ఆమె ఇంటికి వచ్చాక గానీ చూసుకోలేదు.

వాళ్లమ్మ పక్కనే పెట్టారు పెంటయ్యను. కవిత నాయన మొఖం చూసింది. తల్లీ బిడ్డా ఒకరినొకరు తాకకుండా, చేతికందేంత దూరంలో నిలబడి మట్టి వేశారు. మట్టి వేశాక కవిత ఆగలేక వచ్చి తల్లిని వాటేసుకుంది. పెద్ద కానిస్టేబులు గడియారం చూసుకుని టెంటు వైపు తిరిగాడు.

లాక్‌డౌన్ ఎత్తేశారు. హైవే మీద లారీలు తిరిగాయి. టెంటు పీకేశారు. కందకం మాత్రం అట్లాగే ఉంది. తొలకరికి అందులో నీళ్లు నిలిచి పాచి పట్టింది. మరుసటి ఏడు బళ్లు తెరిచినా పిల్లల ఆటో రాలేదు. మిరప కూలికి పోయే ఆడవాళ్లు పొలాల గట్లెంట చుట్టు తిరిగి పోవలసి వచ్చింది. ఒక ముసలామె జారి పడి చెయ్యి విరగ్గొట్టుకుంది. కందకం పూడ్చమని సుక్కమ్మ తిరగని చోటు లేదు. ఇవతలి పంచాయతీలో అడిగితే తవ్వింది వాళ్లన్నారు. అవతలి పంచాయతీలో అడిగితే గుంత మీ హద్దులో ఉందన్నారు. కోదాడ పోతే, రెండు వైపులవాళ్లూ కలిసి సర్వే చేస్తే గానీ తేలదు, అప్పటిదాకా ముట్టుకోవద్దన్నారు. ఎప్పుడు చేస్తారంటే, పైనుంచి రావాలన్నారు. గోడకు కొట్టిన బంతిలా ఆమె ఇటూ అటూ తిరిగి తిరిగి, చెప్పుల జత ఒకటి అరిగాక, ఒక ఆదివారం ప్రార్థన అయిపోగానే గంప, పార తీసుకుని వాగులోకి దిగింది.

కందకం తీసినప్పుడు కుప్పపోసిన మట్టి గట్టు మీద అట్లాగే గడ్డి మొలిచి ఉంది. దాన్నే పారతో ఎత్తి గంపలో పోసి, నెత్తిన పెట్టుకుని గుంతలో గుమ్మరించింది. మళ్లీ ఎత్తింది. సాయంత్రానికి నీళ్లు ఆ మట్టిని మింగేసి బురద తేలింది, అంతే. ఇంటికి వస్తుంటే మట్టయ్య అరుగు మీద నుంచి, "మిషిను తీసింది మనిషి పూడుస్తదా సుక్కా?" అన్నాడు.

"తొందరేమున్నది బావా. దానికి డీజిలు కావాలె. నాకు అంబలుంటే సాలు."

మరునాడు పొద్దున కూలికి పోకముందు కాసేపు, వచ్చాక కాసేపు పోసింది. చూసి చూసి కూలికి పోయే ఆడవాళ్లు పోతూ పోతూ తలా రెండు గంపలు వేయసాగారు. లింగస్వామి పారతో వచ్చాడు. అవతల నుంచి కవిత, ఆమె తోటికోడళ్లు వచ్చారు. మట్టి చాలకపోతే దస్రు తండా దగ్గర గుట్ట నుంచి ట్రాలీలో మొరం తోలాడు. మొరం పడ్డనాడు మట్టయ్య కూడా వచ్చి, ఒంట్లో బాగలేదంటూనే దిమ్మిస పట్టి మట్టి గట్టిపడేదాకా కొట్టాడు. వినాయక చవితి ఇంకా రాకముందే బాట బాటయింది.

కొన్నాళ్లకు బైకు మీద ఒక ఆఫీసరు వచ్చాడు. ఏ వైపు నుంచి వచ్చాడో ఆయన చెప్పలేదు, సుక్కమ్మ అడగలేదు. గుంత ఎవరు పూడ్చారని అడిగితే, ఆమె నాట్లలోంచి పిక్కల దాకా బురదతో వచ్చి నిలబడింది.

"నేనే పూడ్చిన సారూ."

"ఎవరి పర్మిషన్‌తో?"

"తవ్వినోళ్లను అడిగినరా సారూ, ఎవల పర్మిషన్‌తోని తవ్విండ్రని? వాళ్ల పేరు జెప్పుండ్రి. వాళ్లకాడికి నేనే పోయి అడుగుత."

ఆయనకు ఆ పేరు తెలియదు. కాసేపు బాట మీద అటూ ఇటూ నడిచి చూశాడు. ఫోనుతో ఫొటో తీసుకున్నాడు. పోతూ పోతూ, "వానకు కొట్టుకుపోతుందమ్మా ఇది. కింద తూము వెయ్యాలి" అన్నాడు.

"ఏపిస్తరా?"

"నా చేతుల్లో లేదు."

"మంచిది. ఏం కావాల్నో జెప్పిండ్రు, సాలు."

ఆయన అన్నట్టే అయింది. రెండు వేల ఇరవై నాలుగులో, కోదాడ చుట్టుపక్కల ఊళ్లన్నీ నీళ్లపాలయిన ఆ వానకు, ఊటవాగు గట్లు తెంచుకుని వచ్చి వాళ్లు పోసిన మట్టినంతా ఊడ్చుకుపోయింది. కందకం మునుపటికంటే లోతయింది. గూడెంలో ఇళ్లలోకి మోకాళ్ల లోతు నీళ్లు వచ్చాయి. నీళ్లు తీశాక సుక్కమ్మ ఇల్లు కడుక్కుని, తడిసిన బియ్యం ఎండబోసి, గట్టు దగ్గరికి పోయి చాలాసేపు నిలబడింది. అప్పటికి ఆమెకు అరవై ఏడు దాటాయి. మోకాళ్లు సహకరించడం లేదు. ఆ రోజు మటుకు ఆమెకు ఏడుపొచ్చింది.

ఈసారి గంప పట్టలేదు. వరద చూడటానికి వచ్చిన నాయకులెవరినీ వదలలేదు. ఇవతలి వాళ్లొస్తే ఇవతలి వాళ్ల జీపు ముందు, అవతలి వాళ్లొస్తే అవతలి వాళ్ల జీపు ముందు నిలబడింది. ఇద్దరినీ ఒకటే అడిగింది, సిమెంటు పైపులు. చినపాలెం సర్పంచుకు పిల్లల బడి సంగతి అర్థమయింది, గూడెం పిల్లలు రాకపోతే బడిలో పిల్లలు తగ్గి మూతపడుతుంది. అతను పైపులు ఇచ్చాడు. ఇవతలి పంచాయతీ, నలుగురిలో చిన్నబోకూడదని, సిమెంటు, కంకర ఇచ్చింది. హద్దు ఎక్కడుందో ఇప్పటికీ ఎవరూ తేల్చలేదు. పైపులు ఏ రాష్ట్రంలో పడ్డాయో కూడా ఎవరికీ తెలియదు.

కిందటి ఎండాకాలం తూము పని జరుగుతున్నన్నాళ్లూ సుక్కమ్మ గట్టు మీద తుమ్మ నీడన కూర్చుంది. మేస్త్రీ సాయంత్రం చేతులు కడుక్కుని, "అయిపోయింది అవ్వా, ఇక ఆటో రావచ్చు" అన్నాడు.

ఆమె కట్టె ఊతంగా లేచి, కాలితో అంచు తట్టి చూసింది. "ఈ పక్క ఇంక రెండు ట్రాలీల మొరం పడాలె. వాన దెబ్బ ముందుగాల ఇక్కడనే తగులుతది. దస్రుకు ఫోన్ జెయ్యి" అన్నది.

మేస్త్రీ నసిగాడు, పొద్దు పోయిందన్నాడు. ఆమె మళ్లీ కూర్చుంది. అతను ఫోను తీశాడు.